వీడియో సంపీడనం - పాత తెలుగు చలనచిత్రాలు

వీడియో సంపీడనం అనగా కదిలే బొమ్మలను సంఖ్యారూపంలో నిల్వ చేయడానికి, ప్రసారం చేయడానికి వీలుగా వాటి పరిమాణాన్ని కుదించే ప్రక్రియ. వీసీడీ, డీవీడీ, డిజిటల్ కేబుల్, డీటీహెచ్, ఇంటర్నెట్ - ఈ మార్గాలలో దేని ద్వారా ఇంటికి చేరిన చిత్రమైనా ఈ ప్రక్రియకు లోనైనదే. సంపీడనంలో కొంత సమాచారం శాశ్వతంగా పోతుంది. ఏది పోయినా కంటికి తెలియని విధంగా పోవాలన్నది దీని లక్ష్యం. కొత్త చిత్రాల విషయంలో ఈ లక్ష్యం చాలావరకు నెరవేరుతుంది. 1950, 60 దశకాలలో 35 మి.మీ. ఫిల్ముపై తీసిన నలుపు-తెలుపు తెలుగు చిత్రాల విషయంలో తరచుగా నెరవేరదు. పాతాళభైరవి (1951), మిస్సమ్మ (1955), మాయాబజార్ (1957), గుండమ్మ కథ (1962) వంటి చిత్రాలను నేటి ప్రేక్షకులలో అత్యధికులు థియేటరులో చూడలేదు. వారికి తెలిసిన రూపం సంపీడనం చెందిన రూపమే.

నేపథ్యం

35 మి.మీ. నెగటివులో ఉండే వివరాన్ని గ్రహించడానికి నేడు పునరుద్ధరణ సంస్థలు సాధారణంగా 4కె స్కానింగు, అంటే అడ్డంగా సుమారు నాలుగు వేల పిక్సెళ్ళు, వాడుతున్నాయి. భారతదేశంలో ఇళ్ళకు చేరిన టెలివిజన్ ప్రమాణం పాల్. దీనిలో బొమ్మకు 576 గీతలు, సెకనుకు 25 ఫ్రేములు ఉంటాయి. 1977లో హైదరాబాదు దూరదర్శన్ కేంద్రం ప్రారంభమైన తరువాత, 1995లో ఈటీవీ, జెమినీ వంటి ప్రైవేటు ఛానళ్ళు వచ్చిన తరువాత పాత చిత్రాలను టెలిసినీ యంత్రంపై ఫిల్ము నుండి వీడియో టేపుకు ఎక్కించే అవసరం పెరిగింది. ఆనాటి టేపులే తరువాత కాలంలో అనేక వీసీడీలకు, డీవీడీలకు మూలాలయ్యాయి. కనుక ఇంట్లో కనబడే లోపాలన్నిటికీ సంపీడనాన్నే నిందించడం సరికాదు. అరిగిన ప్రింటు గీతలు, టేపులోని రంగుల మరకలు, నలుపు-తెలుపు బొమ్మపై పడిన నీలి లేదా ఆకుపచ్చ ఛాయ అంతకు ముందరి దశలలో వచ్చినవి. అయితే సంపీడనం ఈ లోపాలను యథాతథంగా ఉంచదు, పెంచుతుంది. దానికి కారణం క్రింద చూడవచ్చు.

పని చేసే విధానం

వీసీడీ (1993) ఎంపెగ్-1 అనే ప్రమాణాన్ని, డీవీడీ ఎంపెగ్-2 ప్రమాణాన్ని వాడతాయి. రెండింటి మూలసూత్రం ఒకటే. ప్రతి ఫ్రేమును 16×16 పిక్సెళ్ళ గడులుగా విభజిస్తారు. వీటిని మాక్రోబ్లాకులు అంటారు. గడిలోని బొమ్మ వెనుకటి ఫ్రేములో ఎక్కడైనా ఉన్నదేమో వెదికి, ఉంటే దానిని మరల నిల్వ చేయకుండా "ఫలానా చోటి నుండి ఇంత జరిగింది" అని మాత్రం వ్రాసుకుంటారు. మిగిలిన తేడాను 8×8 బ్లాకులుగా విడగొట్టి డిస్క్రీట్ కొసైన్ ట్రాన్స్‌ఫాం అనే గణిత ప్రక్రియకు గురిచేస్తారు. దీని ఫలితంగా బ్లాకులోని 64 వెలుగు విలువలు 64 గుణకాలుగా మారుతాయి. మొదటి గుణకం బ్లాకు సగటు వెలుగును, చివరివి సన్నని గీతలను, నూలుపోగుల వంటి వివరాలను సూచిస్తాయి. తరువాత ఈ గుణకాలను ఒక సంఖ్యతో భాగించి శేషాన్ని వదిలేస్తారు. నిజమైన నష్టం జరిగేది ఇక్కడే. జల్లెడ కన్నాలు పెద్దవయ్యేకొద్దీ రాలిపోయేది ఎక్కువైనట్లు, భాజకం పెరిగేకొద్దీ సన్నని వివరాలు సున్నాలై పోతాయి.

ఈ గణిత ప్రక్రియను 1974లో ప్రచురించిన పరిశోధన పత్రానికి రచయితలు ముగ్గురు: బెంగుళూరులో జన్మించిన నాసిర్ అహ్మద్, టి.నటరాజన్, టెక్సాస్ విశ్వవిద్యాలయం (ఆర్లింగ్టన్) ఆచార్యుడు కమిశెట్టి రామమోహన రావు. కె.ఆర్.రావుగా ప్రసిద్ధుడైన ఈయన 2021లో మరణించాడు. జేపెగ్ ఛాయాచిత్రాలు మొదలుకొని నేటి ఇంటర్నెట్ వీడియో వరకు అన్నిటికీ ఈ పత్రమే పునాది.

వీసీడీ లెక్కను పరిశీలిస్తే నష్టం ఎంతటిదో తెలుస్తుంది. పాల్ వీసీడీలో బొమ్మ పరిమాణం 352×288 పిక్సెళ్ళు. సంపీడనం లేకపోతే ఒక్కొక్క ఫ్రేముకు సుమారు 152 కిలోబైట్లు కావాలి. వీసీడీలో దృశ్యానికి కేటాయించినది సెకనుకు 1150 కిలోబిట్లు మాత్రమే, అంటే ఫ్రేముకు సగటున 5.75 కిలోబైట్లు. 26 వంతులలో ఒక వంతు మిగులుతుంది. ఫ్రేములో 396 మాక్రోబ్లాకులున్నందున 256 పిక్సెళ్ళున్న ఒక్కొక్క గడికి దక్కేది సగటున 116 బిట్లు. పైగా వీసీడీలో ఈ రేటు స్థిరం. ఇద్దరు కూర్చుని మాట్లాడుకునే దృశ్యానికీ, యుద్ధ దృశ్యానికీ ఒకే రాశన్. మొదటిదానికి అది సరిపోతుంది, రెండవదానికి సరిపోదు.

ఫిల్ము రేణువులు

ఫిల్ముపై బొమ్మ వెండి రేణువులతో ఏర్పడుతుంది. నలుపు-తెలుపు ఫిల్ములో ఈ రేణువులే బొమ్మ. రేణువులను తీసివేస్తే మిగిలేది ఏమీ ఉండదు. ఒక ఫ్రేములోని రేణువుల అమరికకూ తరువాతి ఫ్రేములోని అమరికకూ సంబంధం ఉండదు. కదలని గోడను చూపే దృశ్యంలో కూడా ప్రతి ఫ్రేమూ సూక్ష్మంగా చూస్తే కొత్తదే. వెనుకటి ఫ్రేములో ఉన్నదానిని తిరిగి వాడుకోవడమే ప్రాణంగా పనిచేసే సంపీడనానికి ఇది పెద్ద అడ్డంకి. గోడ కదలలేదని మనిషికి తెలుసు, యంత్రానికి మాత్రం గోడ అంతా మారినట్లే కనిపిస్తుంది. ప్రింటుపై గీతలు, దుమ్ము చుక్కలు, వెలుగు మినుకుమినుకులు, ఫిల్ము గేటులో బొమ్మ స్వల్పంగా ఊగడం కూడా ఇలాగే లెక్కలోకి వస్తాయి. ఫలితంగా, ఉన్న కొద్దిపాటి బిట్లు గీతలను, దుమ్మును భద్రపరచడానికి ఖర్చయి, నటీనటుల ముఖాలకు కరువవుతాయి. పాత ప్రింటు నుండి తీసిన వీసీడీ కొత్త చిత్రపు వీసీడీ కంటే అధ్వాన్నంగా ఉండడానికి ముఖ్య కారణం ఇదే.

దీనికి విరుగుడుగా కొందరు సంపీడనానికి ముందే రేణువులను తుడిచివేసే ఫిల్టరును వాడతారు. బిట్లు ఆదా అవుతాయి, గడులు కనబడవు. కానీ చర్మపు గరుకుదనం, చీర నేత, వెంట్రుకల పాయలు కూడా రేణువులతోపాటే పోతాయి. ముఖాలు మైనపు బొమ్మల వలె నున్నగా తయారవుతాయి. ఎస్.వి.రంగారావు, సూర్యకాంతం వంటి నటులు కనుబొమ కదలికతో, పెదవి విరుపుతో చేసిన అభినయంలో సున్నితమైన భాగం ఇటువంటి ప్రతులలో కనిపించదు. "శుభ్రం చేసిన" ప్రతి అన్న మాటను ఈ దృష్టితో జాగ్రత్తగా చూడవలసి ఉంటుంది.

మాయాబజార్ ఉదాహరణ

కె.వి.రెడ్డి దర్శకత్వంలో విజయా ప్రొడక్షన్స్ నిర్మించిన మాయాబజార్ 1957 మార్చి 27న విడుదలైంది. ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్లీ. పాతాళభైరవి, మిస్సమ్మ, గుండమ్మ కథలకు కూడా ఛాయాగ్రహణం ఆయనదే. విజయా వారి చిత్రాలలోని వెన్నెల ఆయన పేరుతోనే ప్రసిద్ధి చెందింది.

మాయాబజార్‌లో వెన్నెల రాత్రి పడవ ప్రయాణపు పాట సంపీడనానికి అత్యంత కఠినమైన పరీక్ష. ఆ దృశ్యంలో గాఢమైన నలుపు నుండి వెండి తెలుపు వరకు మెట్లు లేని వాలుగా వెలుగు పాకుతుంది. వీడియోలో వెలుగుకు 8 బిట్లు, అందులోనూ ప్రమాణం ప్రకారం వాడేవి 16 నుండి 235 వరకు 220 స్థాయిలు మాత్రమే. చీకటి వైపు ఉన్న కొద్ది స్థాయిలను సంపీడనం మరింత ముతకగా చుట్టివేస్తుంది. అప్పుడు వాలుగా ఉండవలసిన ఆకాశం మెట్లు మెట్లుగా, పటంలోని ఎత్తుల రేఖల వలె చారలుగా కనిపిస్తుంది. రెండవది నీరు. అలలపై తళుకులు ప్రతి ఫ్రేములోనూ మారతాయి, ఒక దిశలో జరగవు. కనుక వెనుకటి ఫ్రేము సహాయపడదు. వీసీడీలో ఆ నీరు కదిలే చతురస్రాల సమూహంగా మారుతుంది. వెన్నెలనూ నీటినీ నమ్ముకున్న పాటలో ఆ రెండే ముందుగా దెబ్బతింటాయి.

దీనికి భిన్నంగా ఘటోత్కచుడు వివాహ భోజనం ఆరగించే దృశ్యం వీసీడీలోనూ బాగానే నిలుస్తుంది. లడ్డూలు తమంతట తామే ఎగిరి నోట్లోకి పోయే ఆ దృశ్యంలో వెలుగు ధారాళంగా ఉంటుంది, వెనుక గోడ కదలదు, కదిలేవి గుండ్రని చిన్న వస్తువులు. ప్రేక్షకుల జ్ఞాపకంలో ఈ దృశ్యం పదిలంగా ఉండి, బార్ట్లీ వెన్నెల గొప్పదనం గురించి విన్నవారు "ఏముంది ఇందులో" అనుకోవడానికి కారణం వారి చేతికి వచ్చిన ప్రతి కావచ్చు.

నిడివి మరొక సమస్య. ఈ చిత్రం నిడివి 184 నిమిషాలు. ఒక వీసీడీలో 74 నుండి 80 నిమిషాల దృశ్యం పడుతుంది కనుక పూర్తి చిత్రానికి మూడు డిస్కులు కావాలి. రెండు డిస్కులలో సర్దాలంటే కత్తిరింపు తప్పదు. 4.7 గిగాబైట్ల డీవీడీలో చిత్రాన్ని ఒక్కదానినే ఎక్కిస్తే ధ్వనితో కలిపి సెకనుకు సుమారు 3.4 మెగాబిట్లు దక్కుతాయి. ఇది గొప్ప రేటు కాకపోయినా మర్యాదైన బొమ్మనిస్తుంది. అదే డిస్కులో ఇంత నిడివి గల మూడు చిత్రాలను ఎక్కిస్తే రేటు 1.1 మెగాబిట్లకు పడిపోతుంది. ఇది వీసీడీ రేటుతో సమానం. కాని డీవీడీ ఫ్రేములో (720×576) పిక్సెళ్ళు వీసీడీకి నాలుగు రెట్లు. అట్టమీద డీవీడీ అని ఉన్నా, "త్రీ ఇన్ వన్" డిస్కులలో బొమ్మ ఒక్కొక్కసారి వీసీడీ కంటే హీనంగా కనబడడానికి కారణం ఈ లెక్కే. 2007 ప్రాంతంలో మోసర్ బేర్ సంస్థ వీసీడీలను 28 రూపాయలకు, డీవీడీలను 34 రూపాయలకు అమ్మడం మొదలుపెట్టాక డిస్కు కొనడం సామాన్యుడికి అందుబాటులోకి వచ్చింది. ధర తగ్గాక ఒక డిస్కులో ఎన్ని చిత్రాలున్నాయన్నదే కొనుగోలుదారుకు ముఖ్యమైంది, బిట్ల లెక్క ఎవరికీ పట్టలేదు.

మాయాబజార్‌కు రంగులద్ది, డీటీఎస్ ధ్వనితో 2010 జనవరి 30న తిరిగి విడుదల చేసారు. రంగులద్దడం సంపీడనానికి సంబంధించినది కాదు. అయితే ఇంటర్నెట్‌లో రంగుల ప్రతి సులభంగా దొరకడం వలన బార్ట్లీ ఉద్దేశించిన నలుపు-తెలుపు చాయలను చూసే అవకాశం కొత్త తరానికి మరింత తగ్గింది.

వేగం, శ్రుతి, తెర ఆకారం

సినిమా సెకనుకు 24 ఫ్రేములతో, పాల్ టెలివిజన్ 25 ఫ్రేములతో నడుస్తాయి. ఈ తేడాను సర్దడానికి సాధారణంగా చిత్రాన్ని 4 శాతం వేగంగా నడుపుతారు. 184 నిమిషాల చిత్రం దాదాపు 177 నిమిషాలలో ముగుస్తుంది. శ్రుతిని విడిగా సరిచేయకపోతే పాటలు ఒక స్వరస్థానంలో సుమారు 70 శాతం మేర పైకి జరుగుతాయి. ఘంటసాల పాటను గ్రామఫోను రికార్డులో విని, డిస్కులో విన్నవారికి ఈ తేడా తెలుస్తుంది. హార్మోనియం ముందు పెట్టుకుని సినిమా పాటలు నేర్చుకునేవారికి ఇది నిజమైన చిక్కు.

1950ల చిత్రాల తెర ఆకారం పాత టెలివిజన్ ఆకారానికి (4:3) దగ్గరగా ఉండేది కనుక వాటికి కత్తిరింపు బెడద తక్కువ. తొలి తెలుగు సినిమాస్కోప్ చిత్రం అల్లూరి సీతారామరాజు (1974) తరువాత వచ్చిన చిత్రాలకు ఈ అదృష్టం లేదు. స్కోప్ చిత్రాన్ని పైనా క్రిందా నల్లపట్టీలతో వీసీడీలో ఎక్కిస్తే 288 గీతలలో బొమ్మకు మిగిలేవి దాదాపు 163. పట్టీలు లేకుండా నింపితే బొమ్మ వెడల్పులో అయిదింట రెండు వంతులకు పైగా తెగిపోతుంది. నేటి వెడల్పు టీవీలలో దీనికి తలకిందులైన సమస్య వచ్చింది. పాత 4:3 చిత్రాన్ని తెర నిండేలా సాగదీయడంతో నటులందరూ లావుగా కనిపిస్తారు.

చిన్న పట్టణాలు, పల్లెల అనుభవం

పట్టణ ప్రేక్షకుడికి వీసీడీ, డీవీడీ, ఇంటర్నెట్ ఒకదాని తరువాత ఒకటిగా వచ్చిన మెట్లు. పాలమూరు ఎగువభూములలోని కోస్గి వంటి చోట్ల ఈ మెట్లు వేరుగా పడ్డాయి. కోస్గి ఒకప్పుడు మహబూబ్‌నగర్ జిల్లాలో భాగం, 2019 ఫిబ్రవరి నుండి నారాయణపేట జిల్లాలో ఉంది. మెట్టసేద్యం, వలస ఈ ప్రాంతపు జీవనంలో భాగాలు; ఇక్కడి కూలీలు ముంబై, పుణె, హైదరాబాదు నగరాలకు పనులకు వెళ్ళడం పాతకాలం నుండి ఉన్నదే. ఇటువంటి ప్రాంతాలలో కేబుల్ టీవీ, అద్దె వీసీడీల తరువాత అనేకుల చేతికి వచ్చినది డీవీడీ కాదు, మెమొరీ కార్డు. సెల్‌ఫోన్ దుకాణంలో కొద్ది రూపాయలకు పాటలు, సినిమాలు కార్డులో ఎక్కించుకోవడం 2010కి అటూ ఇటూ సాధారణమైన విషయం. అలా ఎక్కించిన 3జీపీ ఫైళ్ళలో బొమ్మ సాధారణంగా 176×144 పిక్సెళ్ళు, అంటే వీసీడీలో నాలుగో వంతు, మొత్తం 99 గడులు. అరచేతిలోని చిన్న తెరపై అది చెల్లుబాటు అయ్యేది. దూరాన ఉన్న మనిషి ముఖం మాత్రం ఒకటి రెండు గడులకు మించేది కాదు. గొంతును బట్టి ఎవరో గుర్తుపట్టవలసి వచ్చేది.

కేబుల్ డిజిటలీకరణ నాలుగో దశ గడువు 2017 మార్చి 31తో ముగిసి, గ్రామీణ ప్రాంతాలు కూడా సెట్‌టాప్ బాక్సులకు మారాయి. గాలిలో మంచు చుక్కల వలె వచ్చే అనలాగ్ లోపం పోయి, దాని స్థానంలో గడుల లోపం వచ్చింది. ఒకే ట్రాన్స్‌పాండరుపై పలు ఛానళ్ళు బిట్లను పంచుకుంటాయి. ఒక ఛానల్‌లో క్రికెట్ వంటి వేగవంతమైన దృశ్యం నడుస్తుంటే పక్క ఛానల్‌లోని పాత సినిమాకు వాటా తగ్గవచ్చు. ఇంటర్నెట్‌లో దీనికి సమానమైనది కనెక్షన్ వేగాన్ని బట్టి నాణ్యత మారడం: వేగం తగ్గితే అదే చిత్రం తక్కువ పిక్సెళ్ళలో వస్తుంది. కోస్గికి పొరుగునున్న మద్దూరు, 2024 డిసెంబరులో టీ-ఫైబర్ సేవలను ప్రయోగాత్మకంగా ప్రారంభించిన గ్రామాలలో ఒకటి. ఫైబరు వస్తే దారి వెడల్పవుతుంది, కాని దారిలో వచ్చే ప్రతి మారదు.

ఇంటర్నెట్ ప్రతులు

హెచ్.264 (2003), హెచ్.ఈ.వీ.సీ. (2013) ప్రమాణాలు తక్కువ బిట్లలో మెరుగైన బొమ్మనిస్తాయి. వీటిలో గడుల అంచులను నునుపుచేసే ఫిల్టరు సంపీడనంలోనే భాగం. అందువలన బిట్లు చాలనప్పుడు గడులు కనబడవు, బొమ్మ అలుక్కుపోతుంది. పాత లోపం "ఇక్కడ తప్పు జరిగింది" అని చెప్పేది. కొత్త లోపం చెప్పదు. ఆ చిత్రం మొదటి నుండీ అలాగే మసకగా ఉండేదేమోననిపిస్తుంది.

ఇంటర్నెట్‌లో ఉన్న పాత తెలుగు చిత్రాలలో గణనీయమైన భాగం డిస్కుల నుండి, టేపుల నుండి తీసి మరల సంపీడనం చేసినవే. 288 గీతల బొమ్మను 1080 గీతలకు సాగదీసి "హెచ్‌డీ" అని పేరు పెట్టినా వివరం పెరగదు. 8 పిక్సెళ్ళ పాత బ్లాకు 30 పిక్సెళ్ళ బ్లాకు అవుతుంది. రెండవ సంపీడన యంత్రం మొదటిదాని గడుల అంచులను కూడా చిత్రంలో భాగమనుకుని వాటికీ బిట్లు ఖర్చుపెడుతుంది. ఆత్మబలం (1964) వాన పాట వంటివి ఇలా రెండు మూడు సార్లు సంపీడనం చెందితే వాన చినుకులు మాయమై, తడిసిన నటీనటులు మాత్రం మిగులుతారు.

2018లో వెలువడిన ఏవీ1 ప్రమాణంలో రేణువులకు ఒక కొత్త పద్ధతి ఉంది. పంపే ముందు రేణువులను తీసివేసి, అవి ఎంత ముతకగా, ఎంత దట్టంగా ఉండేవో కొలతలను మాత్రం పంపుతారు. ఇంట్లోని పరికరం ఆ కొలతల ప్రకారం కొత్త రేణువులను సృష్టించి బొమ్మపై చల్లుతుంది. చూడడానికి ఫిల్ము వలెనే ఉంటుంది. అవి అసలు రేణువులు కావు కనుక ఈ పద్ధతి ఇంట్లో చూడడానికి తగినదే గాని, భద్రపరచడానికి తగినది కాదు.

మూలప్రతుల ప్రశ్న

ఇంటికి చేరే ప్రతి ఎంత కుదించినదైనా, నెగటివు క్షేమంగా ఉంటే మరల స్కాను చేసి మెరుగైన ప్రతి తీయవచ్చు. నెగటివు పోతే మిగిలిన ప్రతే మూలమవుతుంది. తొలి తెలుగు టాకీ భక్త ప్రహ్లాద (1932) ప్రతి ఏదీ నేడు లభ్యం కాదు. పాత నైట్రేట్ ఫిల్ము త్వరగా మండేది. 2003 జనవరిలో పుణెలో జరిగిన అగ్నిప్రమాదంలో జాతీయ ఫిల్ము ఆర్కైవ్స్‌కు చెందిన నైట్రేట్ ఫిల్ములు కాలిపోయాయి. తరువాత వచ్చిన ఎసిటేట్ ఫిల్ము వేడికి, తేమకు వెనిగర్ వాసనతో కుళ్ళిపోతుంది. తెలుగు చిత్రాలలో అధిక భాగం మద్రాసు ల్యాబులలో తయారై, ఆ సముద్రతీరపు ఉక్కలోనే దశాబ్దాలు ఉన్నాయి. ఇటువంటి పరిస్థితిలో టేపు నుండి తీసిన వీసీడీ తప్ప మరేదీ మిగలని చిత్రానికి, ఆ 26వ వంతే చిత్రం మొత్తం అవుతుంది. పోయిన వివరాన్ని కృత్రిమ మేధ సాధనాలతో "తిరిగి రప్పించే" ప్రయత్నాలు ఇటీవల పెరిగాయి. అవి రప్పించేది ఆ చిత్రంలోని వివరం కాదు, ఇతర బొమ్మలను చూసి ఊహించినది; ముఖం నటుడిదే అయినా ముడతలు ఆయనవి కావు.

పునరుద్ధరణ జరిగిన చోట తేడా స్పష్టంగా తెలుస్తుంది. జాతీయ ఫిల్ము ఆర్కైవ్స్ పునరుద్ధరించిన శంకరాభరణం (1980) ప్రతిని 2022 నవంబరులో గోవా అంతర్జాతీయ చలనచిత్రోత్సవంలో ప్రదర్శించారు. 2019 డిసెంబరులో ఫిల్మ్ హెరిటేజ్ ఫౌండేషన్ హైదరాబాదు అన్నపూర్ణ స్టూడియోలో ఫిల్ము భద్రత, పునరుద్ధరణలపై శిక్షణ శిబిరం నిర్వహించింది. అక్కినేని నాగేశ్వరరావు శతజయంతి సందర్భంగా 2024 సెప్టెంబరులో ఆయన నటించిన పది చిత్రాలను దేశంలోని పలు నగరాలలో తెరపై చూపారు. వాటిలో దేవదాసు (1953), మిస్సమ్మ, మాయాబజార్, గుండమ్మ కథ ఉన్నాయి. నగరాలకు దూరంగా ఉన్న ప్రేక్షకులకు మాత్రం ఈ చిత్రాలు నేటికీ టీవీ, ఫోను తెరల మీదనే అందుతున్నాయి.